ఒకే పాట, రెండు నడకలు: శాన్ హువాన్ నుంచి శాంటియాగో దాకా

ప్యూర్టో రికో గాయని ఓల్గా తాన్యోన్ స్పానిష్‌లో పాడిన ‘కోమో ఓల్విదార్’ 2001లో వచ్చింది. పోయిన ప్రేమని ఎలా మర్చిపోవాలి అని ఒక ఆడమనిషి తనని తానే అడుక్కునే పాట. దాన్ని ఆవిడ రెండు రకాలుగా రికార్డు చేసింది. ఒకటి బలాడ, తీరిగ్గా సాగే ప్రేమగీతం. రెండోది మెరెంగే, కుర్చీలో కుదురుగా కూర్చోనివ్వని డాన్సు పాట. గొంతు అదే, బాధా అదే. ఈ పాట ఉన్న ‘యో పోర్ తి’ ఆల్బంకి 2002లో మెరెంగే విభాగంలో గ్రామీ కూడా వచ్చింది.

మన సినిమాల్లోనూ ఒకే ట్యూన్ రెండుసార్లు వస్తుంది. ఫస్టాఫ్‌లో హుషారుగా, సెకండాఫ్‌లో విషాదంగా. కానీ అక్కడ మాటలు మారతాయి, సందర్భం మారుతుంది. ఏడుపు మాటల్ని తీసుకెళ్ళి డాన్సు తాళంలో పెట్టడం ఏమిటన్నది నాకు అంతుపట్టేది కాదు. మేముండేది న్యూజెర్సీ. హడ్సన్ నది దాటితే న్యూయార్క్‌లో వాషింగ్టన్ హైట్స్ పేట, మెరెంగే పుట్టిన డొమినికన్ రిపబ్లిక్ వాళ్ళు అక్కడ ఎక్కువ. ఆ కిరాణా షాపుల్లో మోగేది మెరెంగే రికార్డు, ఇంట్లో నేను పెట్టుకునేది బలాడ. చలికాలం సెలవులకి ఎటైనా వెళ్దామని మావారు అన్నప్పుడు, గాయని పుట్టిన ఊరికీ తాళం పుట్టిన దేశానికీ వెళ్దామన్నాను. అంటే ముందు ప్యూర్టో రికోలో శాన్ హువాన్, ఆ తర్వాత డొమినికన్ రిపబ్లిక్‌లో శాంటో డొమింగో, శాంటియాగో.

ముందు కాగితాల సంగతి, ఎందుకంటే మనవాళ్ళకి అసలు టెన్షన్ అక్కడే. ప్యూర్టో రికో అమెరికా కిందే ఉంది కాబట్టి న్యూవార్క్ నుంచి అది లోకల్ ఫ్లైటే. డొమినికన్ రిపబ్లిక్‌కి మాత్రం భారత పాస్‌పోర్టులో చెల్లుబాటయ్యే అమెరికా వీసా గానీ చేతిలో గ్రీన్ కార్డు గానీ ఉంటే వేరే వీసా అడగరు. వెళ్ళేటప్పుడూ వచ్చేటప్పుడూ ‘ఈ-టికెట్’ అనే ఫారం ఆన్‌లైన్‌లో నింపాలి. అది ఉచితం. డబ్బు అడిగే సైట్లు కనిపిస్తే అవి ప్రభుత్వానివి కావని అర్థం. హెచ్1బీలో ఉండి స్టాంపింగ్ గడువు దాటినవాళ్ళు శాన్ హువాన్‌తో ఆగిపోవడమే మంచిది, లేకపోతే తిరిగొచ్చేటప్పుడు చిక్కు.

శాన్ హువాన్‌లో మేం బీచ్ వైపు కాకుండా సాంతుర్సేలో దిగాం. ఓల్గా తాన్యోన్ పుట్టింది ఈ పేటలోనే, 1967లో. ఇక్కడి ‘లా ప్లాసీతా’ పగలు కూరగాయల మార్కెట్, వారాంతం రాత్రుళ్ళు వీధంతా జాతర. పాత శాన్ హువాన్‌లో నీలం రాళ్ళు పరిచిన వీధులు, సముద్రం మీదికి చూసే ఎల్ మోర్రో కోట ఒక పూటలో చూసేయొచ్చు. ఊరు బాగుంది, శుభ్రంగా ఉంది, ఇంగ్లిష్‌తో పని జరిగిపోతుంది. ధరలు మాత్రం న్యూయార్క్‌కి ఏమీ తీసిపోవు. హోటల్ గది అద్దె చూసి సంబరపడొద్దు, దాని మీద పన్ను, ‘రిసార్ట్ ఫీజు’ కలిపాకే అసలు లెక్క తేలుతుంది. సంగీతం మాటకొస్తే ఇక్కడ ఎక్కువ వినిపించింది సల్సా, రెగ్గెటాన్. మెరెంగే కోసమే అయితే ఈ ఊరికి ఒక వారాంతం చాలు.

అయినా ఒక విషయం ఇక్కడే తేటపడింది. ట్యాక్సీల్లో డ్రైవర్లు స్టేషన్లు మారుస్తుంటే ఒకదాంట్లో అన్నీ నెమ్మది పాటలు, పక్కదాంట్లో అన్నీ డాన్సు పాటలు. స్పానిష్ రేడియోలో పాప్ స్టేషన్లు వేరు, ‘ట్రాపికల్’ స్టేషన్లు వేరు. పాటల ర్యాంకులు వేసే అమెరికా పత్రిక బిల్‌బోర్డ్ కూడా 1994 నుంచి వాటికి వేరువేరు చార్టులు పెట్టింది. ఒక పాట రెండు చోట్లా వెళ్ళాలంటే రెండు వేషాలూ వేసుకోవాల్సిందే. అందుకే ఆ రోజుల్లో ఒకే ప్రేమ పాటని బలాడగా, మెరెంగేగా, ఒక్కోసారి సల్సాగా కూడా చేసి పంపేవారు. ఇది వ్యాపారం లెక్క. కానీ వ్యాపారం కోసమే చేసినది ఇరవై ఏళ్ళ తర్వాత కూడా జనం నోట్లో ఎందుకుందో ఆ లెక్క చెప్పదు.

శాన్ హువాన్ నుంచి శాంటో డొమింగోకి విమానంలో గంట. ఎయిర్‌పోర్టు ఊరికి తూర్పున పాతిక కిలోమీటర్ల పైచిలుకు దూరంలో ఉంది. ఊబర్ దొరుకుతుంది. డాలరుకి దాదాపు 60 పెసోలు వస్తాయి, ఎయిర్‌పోర్టులో కన్నా ఊళ్ళో మార్చుకుంటే నయం.

బస మాత్రం కళ్ళు మూసుకుని సోనా కొలోనియాల్‌లో, అంటే పాత బస్తీలో, తీసుకోండి. సముద్రపు ఒడ్డున మాలెకోన్ రోడ్డు మీద పెద్ద పెద్ద హోటళ్ళున్నాయి, కానీ అక్కడి నుంచి ఎక్కడికి వెళ్ళాలన్నా కారు ఎక్కాలి. పాత బస్తీలో అన్నీ కాలినడక దూరం. 1990 నుంచి యునెస్కో జాబితాలో ఉన్న పేట అది. అమెరికా ఖండాల్లోకెల్లా మొట్టమొదటి కెథెడ్రల్, కొలంబస్ కొడుకు కట్టించుకున్న భవనం, లాస్ దామాస్ వీధి, అన్నీ అక్కడే. మేం దిగింది పాత ఇంటిని హోటల్‌గా మార్చినది. మధ్యలో మండువా, చుట్టూ గదులు, ఎత్తయిన తలుపులు. రాత్రికి 80 డాలర్ల లోపే. ముసలివాళ్ళతో వెళ్తే మెట్లు ఎన్నో ముందే అడగండి, ఇలాంటి ఇళ్ళలో లిఫ్ట్ ఉండదు. కరెంటు పోవడం ఆ దేశంలో మామూలే, కాబట్టి ఇన్వర్టర్ ఉందా, ఏసీకి జనరేటర్ ఉందా అని కూడా కనుక్కోండి. వీధి వైపు గది తీసుకుంటే అర్ధరాత్రి దాటేదాకా పాటలు వినపడుతూనే ఉంటాయి. నేను దానికోసమే వెళ్ళాను, మావారు రెండో రోజే లోపలి వైపు గదికి మారదామన్నారు.

పాత బస్తీ మధ్యలో ఉన్న పార్కె కొలోన్ చౌకు చుట్టుపక్కల రెస్టారెంట్లలో లైవ్ బ్యాండ్లు ఉంటాయి. బిల్లు చూసి కంగారు పడకండి, 18 శాతం పన్ను, 10 శాతం సర్వీసు అక్కడ చట్టప్రకారం పడతాయి. మెనూలో ధర అవి కలిపినదా కాదా అన్నది కూర్చోక ముందే తెలుసుకోవాలి. ఒకచోట మాకు సర్వీసు బిల్లులో వేసి, మళ్ళీ కార్డు మిషన్ మీద టిప్పు అడిగారు. అవసరం లేదని మర్యాదగా చెప్తే ఊరుకున్నారు. ఏళ్ళ తరబడి ఆదివారం సాయంత్రాలు శాన్ ఫ్రాన్సిస్కో మఠం శిథిలాల ముందు గ్రూపో బోన్యే అనే బృందం పైసా తీసుకోకుండా వాయించేది, ఊరంతా వచ్చి డాన్సు చేసేవారు. అలాంటి ఆరుబయట కచేరీలు ఎక్కడెక్కడ ఉన్నాయో హోటల్ వాళ్ళని అడిగితే చెప్తారు. నా మటుకు నాకు రెస్టారెంట్ బ్యాండ్ల కన్నా అవే నచ్చాయి, టూరిస్టుల కోసం ఆడే ఆటకీ తమ కోసం ఆడుకునే ఆటకీ తేడా అక్కడ తెలుస్తుంది.

ఇంతకన్నా చవక ‘కొల్మాదో’. మన వీధి చివర కిరాణా కొట్టే, కాకపోతే బయట రెండు స్పీకర్లు, ప్లాస్టిక్ కుర్చీలు, డామినోలు ఆడే ముసలాళ్ళు. ఒక సీసా ప్రెసిదెంతే బీరు కొనుక్కుంటే ఎంతసేపైనా కూర్చోవచ్చు. శాకాహారులకి తిండి ఇబ్బంది అనుకుంటాం గానీ అంత లేదు. ‘మోరో దే గ్వాందూలెస్’ అంటే కందిగింజలు వేసి వండిన అన్నం. ఆ కంది మన కందే, మన దేశం నుంచి ఎన్నో చేతులు మారి అక్కడికి చేరింది. గిన్నె అడుగున మిగిలే మాడుచెక్కని అక్కడ ‘కొన్‌కోన్’ అంటారు, అడిగి మరీ వేయించుకుంటారు. పొద్దున్నే అరటికాయ ముద్ద ‘మంగూ’, పక్కన వేయించిన జున్ను ముక్కలు. అయితే ‘మాంసం వద్దు’ అంటే చికెన్ వేసి తెచ్చే ప్రమాదం ఉంది. ‘సిన్ కార్నె, సిన్ పోయో, సిన్ హామోన్’ (మాంసం, చికెన్, హామ్ లేకుండా) అని మూడూ చెప్పండి. నీళ్ళు మాత్రం సీసావే తాగండి.

అవెనిదా ఇండిపెండెన్సియా మీద వెళ్తున్నప్పుడు డ్రైవర్ రేడియో తగ్గించి, జెట్ సెట్ క్లబ్ ఉన్న చోటుని చెయ్యెత్తి చూపించాడు. సోమవారం రాత్రి కచేరీ అర్ధరాత్రి దాటి జరుగుతుండగా, అంటే 2025 ఏప్రిల్ 8 తెల్లవారకముందే, పైకప్పు కూలి 230 మందికి పైగా చనిపోయారు. వేదిక మీద పాడుతున్న మెరెంగే గాయకుడు రుబీ పేరెస్ కూడా పోయాడు. ఆయనకి పేరు తెచ్చిన పాట ‘వోల్వెరె’, తిరిగొస్తానని మాటిచ్చే ప్రేమ పాట. 1970లలో ఇటలీలో నెమ్మది పాటగా పుట్టి స్పానిష్‌లోకి వచ్చింది. దాన్ని విల్‌ఫ్రిదో వార్గాస్ ఆర్కెస్ట్రాతో మెరెంగేగా పాడి, తన దేశంలో అందరి పాటగా చేసినవాడు రుబీ పేరెస్. ఓల్గా చేసినదానికి ముందే ఈ దారి వేసినవాళ్ళలో ఆయన ఒకడు. మేం ఉన్నన్ని రోజులూ ఆ పాట వినని పూట లేదు. ఎవరూ దాన్ని నెమ్మదిగా పాడుకోవడం చూడలేదు. మెరెంగేలోనే, డాన్సు చేస్తూనే పాడుతున్నారు.

శాంటియాగోకి బస్సులో రెండు, రెండున్నర గంటలు. ముందే సీటు బుక్ చేయకపోయినా పండగ రోజుల్లో తప్ప దొరుకుతుంది. ఏసీ మాత్రం విపరీతం, స్వెటర్ చేతి సంచిలో ఉంచుకోండి. రోడ్డు బాగుంది. సిబావ్ లోయలోకి దిగేటప్పుడు రెండు పక్కలా పచ్చదనం చూస్తే కోనసీమ వెళ్తున్నట్టే ఉంటుంది.

చాలామంది ఈ ఊరిని వదిలేస్తారు. నేనైతే ట్రిప్పు మొత్తంలో ముందు పెట్టేది దీన్నే. మెరెంగే పాత రూపం, ‘పెరీకో రిపియావ్’ అని పిలుచుకునేది, ఈ సిబావ్ ప్రాంతానిదే. 1930 నుంచి 1961 దాకా దేశాన్ని గుప్పిట్లో పెట్టుకున్న నియంత త్రుహీయో పల్లెటూరి మెరెంగేని సూట్లు వేసుకున్న ఆర్కెస్ట్రాలతో క్లబ్బుల్లోకి ఎక్కించాడు. పల్లె బృందాలు మాత్రం అకార్డియన్ వదల్లేదు. 2016లో యునెస్కో మెరెంగేని మానవాళి వారసత్వ జాబితాలో చేర్చింది. సెంత్రో లెయోన్ మ్యూజియం చక్కగా ఉంచారు, ఒక పూట కేటాయించండి. ఊరి మధ్య ‘మోనుమెంతో’ అనే పెద్ద స్మారక కట్టడం దగ్గర గదులు శాంటో డొమింగో కన్నా చవక, సాయంత్రాలు జనం ఆ మెట్ల మీదే ఉంటారు.

రాత్రి ఊరి శివార్లలో ‘రాంచో’కి వెళ్ళాం. మూడు వైపులా గోడల్లేని పెద్ద షెడ్డు, సిమెంటు నేల, కుటుంబాలతో వచ్చిన జనం. వెళ్ళడానికి ఊబర్ వచ్చింది గానీ తిరిగి రావడానికి దొరకదేమోనని హోటల్‌లో ఒక డ్రైవర్‌ని మాట్లాడుకున్నాం, మీరూ అదే చేయండి. మా బల్ల వేదికకి దగ్గర్లో పడింది. తంబోరా అంటే రెండు వైపులా వాయించే డోలు, వాయించే అతను దాన్ని ఒళ్ళో అడ్డంగా పెట్టుకుని ఎడమవైపు అరచేత్తో, కుడివైపు పుల్లతో కొడుతున్నాడు. మధ్య మధ్య ఆ పుల్ల చర్మం మీద కాక చెక్క అంచు మీద పడి టక్కుమంటోంది. మేకతోలు, చేయి పడేచోట నల్లబడి నునుపు తేరింది. పక్కన గ్వీరా, బుడిపెలు పొడిచిన రేకు గొట్టం. ఇనప తీగల బ్రష్‌తో గీకుతూ ఒక్క క్షణం ఆపడు. అతని మోచేతి నుంచి చెమట కారుతోంది, తుడుచుకోడానికి కూడా ఆ చేయి ఆగలేదు.

బృందం విరామం తీసుకున్నప్పుడు స్పీకర్లలో ఆర్కెస్ట్రా మెరెంగేలు పెట్టారు. అందులో ‘కోమో ఓల్విదార్’ వచ్చింది. మా పక్క బల్ల నుంచి యాభై దాటిన ఒకావిడ భర్త చెయ్యి పట్టుకుని లేచింది. మాట మాటా తనతో పాటు పాడుతోంది, మొహంలో నవ్వు లేదు, కళ్ళు మూసుకునే ఉంది. పాదాలు మాత్రం ఎడమా కుడీ, ఎడమా కుడీ, ఎక్కడా తప్పలేదు. నాకు అప్పుడు అర్థమైంది. బలాడ ఒక్కరే కూర్చుని వినేది. మెరెంగే జంటగా తప్ప ఆడరు, ఆ దుఃఖం మాటలు పాడాలంటే ఒకరి భుజం మీద చెయ్యి వెయ్యాలి. తాళం బాధని తగ్గించడం లేదు, మనిషిని ఒంటరిగా వదలడం లేదంతే. ఆవిడే తర్వాత నన్ను లాక్కెళ్ళి అడుగులు నేర్పింది. రెండే అడుగులు, ఎవరికైనా వచ్చేస్తాయి.

ఆ దేశంలోనే బీచ్ రిసార్టులకి పేరున్న పుంటా కానా సంగతి అడుగుతారు కాబట్టి చెప్తున్నా. స్నేహితులతో ఇంతకు ముందు వెళ్ళాను. సముద్రం అద్భుతం, పిల్లలతో అయితే అన్నీ కలిపిన ప్యాకేజీ సుఖం. కానీ రిసార్టు గేటు లోపల వినిపించే మెరెంగే షో టైం ప్రకారం మొదలై షో టైం ప్రకారం ముగుస్తుంది. ఈ సంగీతం కోసం వెళ్ళేవాళ్ళు ఆ డబ్బుని శాంటో డొమింగో, శాంటియాగోలకి పెట్టండి, ఇంకా మిగులుతుంది కూడా.

తిరుగు ప్రయాణానికి శాంటో డొమింగో రానక్కర్లేదు, శాంటియాగో నుంచే న్యూయార్క్ వైపు నేరుగా విమానాలున్నాయి. టికెట్లు కొనేటప్పుడు ఒక్కటి చూసుకోండి: శనివారం రాత్రీ ఆదివారం సాయంత్రమూ శాంటియాగోలో ఉండేలా. మిగతా ప్లాన్ అటూ ఇటూ అయినా పర్లేదు.