జీతంలో కోతా? వారెంటా?

భరణం ఆర్డర్ చేతికొచ్చినా నెలనెలా డబ్బు పడకపోతే ఏ దారి పట్టాలి?

భర్త అనంతపురం ఆర్టీసీ డిపోలోనో, ప్రభుత్వ బడిలోనో పనిచేస్తుంటే నేనైతే జీతం దారే పట్టమంటాను. గృహహింస చట్టం 2005, సెక్షన్ 20(6) కింద మేజిస్ట్రేట్ అతని జీతంలో కొంత నేరుగా మీకిమ్మని, లేదా కోర్టులో కట్టమని యజమానినే ఆదేశించవచ్చు. పిటిషన్‌తో పాత పే స్లిప్, జీతం బిల్లు పెట్టే ఆఫీసు పూర్తి అడ్రస్ జతచేయండి. అతనికి బాకీ ఉన్నవాళ్ల నుంచీ ఇలాగే ఇప్పించవచ్చు. ఆదోని పత్తి వ్యాపారి దగ్గర ఇది బాగా పనిచేస్తుంది, ఎవరు బాకీయో మీకు తెలిస్తే.

నెల జీతం లేని మనిషైతే వారెంటే గతి. బకాయిని జరిమానాలా వసూలు చేస్తారు, అప్పటికీ కట్టకపోతే నెల దాకా జైలు. జైలుకెళ్లొచ్చినంత మాత్రాన బాకీ తీరదని సుప్రీంకోర్టు 1988లోనే చెప్పింది. చిక్కల్లా గడువుతోనే: డబ్బు రావాల్సిన తేదీ నుంచి ఏడాదిలోపు అర్జీ పెట్టాలి. పెద్దమనుషుల ముందు "వచ్చే నెల ఇస్తాలే" అంటూ అతను నెట్టుకొస్తుంటే ఆ ఏడాది ఇట్టే గడిచిపోతుంది.