పుట్టిన తేదీ మార్పిస్తానంటే నమ్మకండి, నేను నమ్మి మునిగాను

తహసీల్దారు కార్యాలయం ఎదుట జిరాక్సు కొట్టులో కూర్చునే ఏజెంటు మీలో చాలామందికి తెలుసు. కొత్తగా పరిచయం చేయనక్కరలేదు. నా దగ్గర 18 వేలు పట్టుకుపోయాడు.

మా అమ్మాయి పుట్టింది సెప్టెంబరు 9న. బడిలో చేర్చేటప్పుడు ఐదేళ్లు నిండలేదని పంతులుగారు జూన్ 1 వేశారు. మనలో సగం మంది జూన్‌లోనే పుట్టాం కదా! పదో తరగతి మెమో, ఆధార్, పాస్‌పోర్టు అన్నీ జూన్. ఇప్పుడు అమెరికాలో గ్రీన్‌కార్డు దరఖాస్తుకు జనన ధ్రువపత్రం కావాలట. అందులో సెప్టెంబరు.

"మెమో మార్చాలంటే ఏళ్లు పడుతుంది సార్, పుట్టిన తేదీనే మార్చేద్దాం" అన్నాడు ఏజెంటు. ఆ మాటకు నవ్వాల్సింది. నేను నోట్లు లెక్కపెట్టాను.

వారంలో ముద్రతో, సంతకంతో కొత్త జనన ధ్రువపత్రం వచ్చింది. ఇంకో ప్రతి కోసం పురపాలక కార్యాలయానికి వెళ్తే, కౌంటరులోని ఆవిడ దాని మీది నమోదు నంబరు చూసి, పాత రిజిస్టరు తీసి వేలు పెట్టి చూపించింది. ఆ నంబరు ఎదుట ఎవరో మగపిల్లవాడు! "ఇది ఎక్కడ చేయించారండీ?" అని గట్టిగా అడిగింది. వరుసలో ఉన్నవాళ్లంతా నన్నే చూశారు.

పరుగున కొట్టుకు వెళ్లాను. వాడు తల కూడా ఎత్తలేదు. "దరఖాస్తు మీద సంతకం మీది సార్. పోలీసులు ముందు మిమ్మల్నే అడుగుతారు" అన్నాడు. మా ఇంట్లో కాఫీ తాగుతూ "మీ అమ్మాయి నాకు చెల్లెలి లాంటిది" అన్న నోరే అది. పైగా లామినేషనుకు 30 రూపాయలు ఇంకా రావాలని గుర్తుచేశాడు!

ఇరవై రెండేళ్లు ఖాతాలు తనిఖీ చేసినవాణ్ణి. రెండు రూపాయల తేడాకు వోచరు వెనక్కి పంపేవాణ్ణి. ఆ ఒక్క నంబరు మాత్రం సరిచూసుకోలేదు.

ఆ తర్వాత వకీలు చెప్పాడు. 1969 నాటి జనన మరణాల నమోదు చట్టం 15వ సెక్షను కింద రిజిస్ట్రారు దిద్దగలిగేది తప్పుగా పడిన నమోదునే. అదీ పాత రాతను చెరపకుండా, పక్కన మార్జిన్‌లో రాసి సంతకం, తేదీ వేసి. మా నమోదులో అసలు తప్పే లేదు! నిజాన్ని అబద్ధానికి సరిపెట్టమని డబ్బిచ్చింది నేనే. దిద్దించాల్సింది మెమోను. ప్రధానోపాధ్యాయుడి ద్వారా బోర్డుకు దరఖాస్తు, అక్కడ కుదరకపోతే సివిల్ కోర్టులో డిక్లరేషన్ దావా, అంటే అసలు తేదీ ఇదేనని ప్రకటించమని కోరే దావా.

ఆధార్‌లో పుట్టిన తేదీ మార్చుకునే అవకాశం మామూలుగా ఒక్కసారే, తొందరపడకండి. ఏ పత్రమైనా కార్యాలయంలో నంబరు సరిచూసుకున్నాకే డబ్బివ్వండి. ఇందాక బస్సులోంచి చూశాను, వాడి ముందు ఇంకో ఇద్దరు కూర్చుని ఉన్నారు.