హిమారాలో మూడు రాత్రులు

గ్రీకు ద్వీపం కోర్ఫు నుంచి ఫెర్రీలో అల్బేనియా రేవు సరాందాకి, అక్కడి నుంచి బస్సులో హిమారాకి. అల్బేనియా తీరానికి అందరూ బీచ్‌ల కోసం వస్తారు. నన్ను ఇక్కడికి లాక్కొచ్చింది స్పిరోస్ స్పిరోమిలియోస్ కథ. 1864లో ఈ ఊళ్లోనే పుట్టి, గ్రీకు జెండార్మరీలో, అంటే సైనిక పద్ధతిలో నడిచే పోలీసు దళంలో అధికారి అయ్యాడు. ఒట్టోమన్ తుర్కుల కింద ఉన్న మాసిడోనియాలో మారుపేరుతో పోరాడాడు.

మొదటి రాత్రి బీచ్ పక్కన దిగడం మా పొరపాటు. అర్ధరాత్రి దాటినా పాటలు ఆగలేదు, వేడినీళ్లు రాలేదు. మర్నాడే కొండ మీది పాత ఊరికి, కాస్ట్రోకి, మారిపోయాం. సూట్‌కేసు మోసుకుంటూ ఆ రాతి సందులు ఎక్కేసరికి ఆయాసం వచ్చింది కానీ, ఉండాల్సింది అక్కడే. సగం ఇళ్లు కప్పులు కూలి ఉన్నాయి, గోడల్లోంచి అంజూరు చెట్లు మొలిచాయి. మా ఇంటావిడ ఒక పళ్లెం అంజూరు పళ్లు తెచ్చి పెట్టి, మనవడితో గ్రీకులో, ఫోన్‌లో ఎవరితోనో అల్బేనియన్‌లో మాట్లాడింది.

అక్కడి నుంచి కిందికి చూస్తే 1912 నవంబర్ 18 కళ్లకు కడుతుంది. ఆ రోజు స్పిరోమిలియోస్ వాలంటీర్లతో సముద్రం మీదుగా వచ్చి, ఒట్టోమన్ సైన్యాన్ని వెళ్లగొట్టి సొంత ఊరిని పట్టుకున్నాడు. ఏడాది తర్వాత, 1913 డిసెంబర్‌లో, పెద్ద దేశాలు ఫ్లోరెన్స్‌లో గీత గీసి హిమారాని అల్బేనియాకి ఇచ్చేశాయి. గ్రీకు సైన్యం వెనక్కి వెళ్లాల్సి వచ్చింది. యూనిఫాం వేసుకున్న మనిషి అయినా ఆయన ఆ నిర్ణయానికి తలొగ్గలేదు. 1914 ఫిబ్రవరిలో హిమారా స్వయంపాలన ప్రకటించాడు. అదే నెల 28న జిరోకాస్తర్ ఊళ్లో, గ్రీకు రాజకీయ నాయకుడు జోగ్రాఫోస్ నాయకత్వంలో ఉత్తర ఎపిరస్ (దక్షిణ అల్బేనియాలోని ఈ ప్రాంతానికి గ్రీకులు పెట్టుకున్న పేరు) ప్రభుత్వం ఏర్పడింది. మే 17న కోర్ఫులో కుదిరిన ఒప్పందం అల్బేనియాలోనే ఉంటూ స్వయంపాలనకు, బడిలో గ్రీకు భాషకు ఒప్పుకుంది. అంతలోనే ప్రపంచయుద్ధం వచ్చి అంతా కొట్టుకుపోయింది. స్పిరోమిలియోస్ 1930లో చనిపోయాడు.

అల్బేనియన్లకు ఇదంతా కొత్తగా పుట్టిన తమ దేశాన్ని చీల్చే ప్రయత్నం. ఇక్కడి గ్రీకులకు పుట్టిన ఊరి కోసం చేసిన పోరాటం. రెండు బాధలూ నిజమే అనిపించింది నాకు.

పోర్టో పలెర్మో కోట దగ్గర్లోనే ఉంది, పొద్దున్నే వెళ్లండి. జిరోకాస్తర్‌కి మాత్రం ఒక రాత్రి కేటాయించండి. పలకరాళ్ల పైకప్పుల ఆ ఊరు 2005 నుంచి యునెస్కో జాబితాలో ఉంది. కోట చూడ్డానికే సగం రోజు పడుతుంది. ఉత్తరం నుంచి వచ్చేవాళ్లకు ఇప్పుడు లొగరా కొండ కింద సొరంగం దారి ఉంది, కానీ ఎండ కాస్తుంటే పాత కనుమ దారే ఎక్కండి. మలుపు తిరగ్గానే సముద్రం మొత్తం ఒక్కసారి కనిపిస్తుంది.

బస్సుల టైముల మీద నమ్మకం పెట్టుకోవద్దు. మాకు చెప్పిన టైముకి రాలేదు, గంటన్నర ఎండలో నిలబడ్డాం, ఫెర్రీ తప్పిపోతుందని ఒకటే టెన్షన్. తిరుగు ప్రయాణం రోజున ముందు బండికే బయల్దేరండి.