చెవి మిషన్: నాలుగేళ్ళు వాడాక దాని కూత గురించి

చెవి వెనక తగిలించుకునే రకం, కుడి చెవికి మాత్రమే. ఎన్ని చానళ్ళు (శబ్దాన్ని ఎన్ని భాగాలుగా విడదీసి సర్దుతుందో), ఎంత ధర అన్నది దుకాణంవాళ్ళే చెబుతారు. నా బాధ దాని కూతతో.

ఎర్రగుంట్లలో కడప బండలు కోసే మిషన్ల పక్కన ముప్పై ఏళ్ళు పనిచేశాను. ఆ రొదకు ముందు పోయేవి సన్నటి శబ్దాలు. స, ష లాంటి అక్షరాలు, పిల్లల గొంతులు. మాట వినిపిస్తుంది, అర్థం కాదు. ఏమన్నారని అడిగితే ఇంట్లో "ఏం లేదులే" అనేవాళ్ళు. ఆ ఒక్క మాట మాత్రం ఎప్పుడూ బాగానే వినపడేది. అందరూ నవ్వితే నేనూ నవ్వి ఊరుకునేవాణ్ణి.

పెట్టుకున్న మొదటి నెలలో కనపడిన వాళ్ళందరికీ కొనమని చెప్పాను. ఇప్పుడైతే అంత గట్టిగా చెప్పను. ఉగాదికి దేవుని కడప గుడికి పోతే (ఆ రోజు ముస్లింలు కూడా వస్తారు గదా) ఆ జనంలో అంతా ఒకటే హోరు. తీసి జేబులో వేసుకున్నా. ఇంకోటి, ఇంట్లోవాళ్ళకు నాతో మాట్లాడే అలవాటే తప్పిపోయింది. వినపడటం మొదలయ్యాక కూడా చాలా రోజులు నా ముందే నా గురించి మాట్లాడుకున్నారు. దానికి మిషన్ ఏం చేస్తుంది?

మనవరాలికి ఐదేళ్ళు. నన్ను అబ్బా అని, మా ఆవిడను జేజి అని పిలుస్తుంది. ఒకరోజు ఒళ్ళోకెక్కి, చెయ్యి అడ్డం పెట్టి, "అబ్బా, జేజికి చెప్పొద్దు..." అని చెవిలో మొదలుపెట్టింది. మిషన్ కుయ్యిమని కూసింది. పాప అదిరిపడి దిగి పారిపోయింది. మోల్డ్ (చెవి లోపల కూర్చునే అచ్చు ముక్క) వదులైతే లోపలి శబ్దం బయటికొచ్చి మళ్ళీ మైకులోకే పోతుందంట. దగ్గర్లో చెయ్యో చెంపో ఉంటే ఇంకా ఎక్కువ. కొత్త మోల్డ్ చేయించాను. తగ్గింది గానీ పూర్తిగా పోలేదు. వీధి చివర హారన్ తెచ్చి వినిపించే వస్తువు, బిడ్డ దగ్గరికొస్తే అరుస్తుంది!

కొనొచ్చా అంటే, డబ్బు కుదిరితే రెండు చెవులకూ తీసుకోండి, నాకు ఒకదానికే కుదిరింది. మే నెల చెమటకు రోజూ రాత్రి తీసి ఆరబెట్టే ఓపిక కూడా ఉండాలి.

పాప ఇప్పుడు రహస్యాలన్నీ ఎడమ చెవిలో చెబుతోంది. అటువైపు ఒక్క ముక్క వినపడదు, వెచ్చగా ఊపిరి తగులుతుంది అంతే. "సరే, జేజికి చెప్పన్లే" అంటాను.