పసుపు క్యాప్సూల్స్ కొనేముందు సీసా వెనక్కి తిప్పి చదవండి, నేను చదవలేదు

మోకాళ్ల నొప్పులకని పసుపు క్యాప్సూల్స్ ఆన్‌లైన్లో తెప్పించుకుని, రెండున్నర నెలలు నిష్ఠగా మింగి, చివరికి లివర్ డాక్టర్ ముందు కూర్చున్నాను. మీలో ఎవరైనా అలాంటి సీసా కార్ట్‌లో పెట్టుకుని ఉంటే ఇది చదివాక నొక్కండి. కంపెనీ పేరు రాయడం లేదు. ఇది ఒక్క కంపెనీ సంగతైతే రాసేదాన్నేమో, ఆ తర్వాత నేను తిరగేసిన అరడజను సీసాల మీదా ఇంచుమించు ఇవే మాటలున్నాయి. ఇంకో మాట ముందే చెప్పేస్తున్నా, కూరలో వేసే చిటికెడు పసుపుతో నాకే గొడవా లేదు.

నన్ను పడేసింది ఆ ప్రొడక్ట్ పేజీ. వేల పరిశోధనలు నిరూపించాయట, పేటెంట్ ఉన్న ఫార్ములా అట, మిరియాల సారం కలిపారు కాబట్టి 2000 శాతం ఎక్కువగా ఒంటికి పడుతుందట, సహజం కాబట్టి సైడ్ ఎఫెక్ట్స్ ఉండవట. నాలుగూ నమ్మాను. సైన్స్ పేరు చెప్తే చాలు పడిపోయే రకం నేను.

రెండో నెల చివర్లో మూత్రం ముదురు పసుపు రంగులో రావడం మొదలైంది. పసుపు తింటున్నాను కదా, ఆ రంగేలే అనుకున్నాను. ఇప్పుడు తలుచుకుంటే నవ్వొస్తుంది కానీ రెండు వారాలు నిజంగా అలాగే అనుకుంటూ తిరిగాను. తర్వాత ఆకలి చచ్చిపోయింది, ఒళ్లంతా దురద. కళ్లు పచ్చబడ్డాయని మా చెల్లెలు వీడియో కాల్‌లో చూసి అరిచేదాకా నాకు తట్టలేదు. రక్తపరీక్షలో, లివర్ దెబ్బతింటే పెరిగే ఏఎల్‌టీ 40 లోపు ఉండాల్సింది 600 దాటింది. డాక్టర్ గారు "మందులేమైనా వాడుతున్నారా" అంటే లేదన్నాను. అబద్ధం చెప్పాలని కాదు, పసుపుని మందుల్లో లెక్కేయలేదంతే. హెపటైటిస్ పరీక్షలన్నీ నెగెటివ్ వచ్చాక ఆవిడ ప్రశ్న మార్చి, "పొడులు, కషాయాలు, బలానికని ఏవైనా క్యాప్సూల్స్?" అన్నారు. అప్పుడు బ్యాగ్‌లోంచి సీసా తీశాను.

ఆపేయమన్నారు, ఆపాను, ఏడు వారాలకి అంకెలు మామూలుకొచ్చాయి. ఇదే కారణమని నూటికి నూరుపాళ్లు ఎవరూ రాసివ్వలేరు, మిగతావన్నీ కొట్టేస్తే మిగిలింది ఇదొక్కటే, మళ్లీ వేసుకుని చూసే ప్రయోగం మాత్రం చేయకండి అన్నారు ఆవిడ.

నాకేదో అరుదుగా జరిగిందనుకున్నాను. అరుదే, కానీ కొత్తేమీ కాదు. అమెరికాలో మందుల వల్ల, సప్లిమెంట్ల వల్ల లివర్ దెబ్బతిన్న కేసుల్ని నమోదు చేసే ఒక నెట్‌వర్క్ ఉంది. 2004 నుంచి 2022 దాకా వాళ్లు పసుపు ఖాతాలో వేసినవి 10 కేసులు, అవన్నీ 2011 నుంచి ఇటువైపువే. అందులో అయిదుగురు ఆస్పత్రిలో చేరారు, ఒకరు చనిపోయారు. పదిమందిలో ఏడుగురికి హెచ్ఎల్ఏ-బీ 35:01 అనే ఒకే రకం జన్యువు ఉంది. అంటే చాలామందికి ఏమీ కాదు, "ఏడాదిగా వాడుతున్నా, సూపర్" అని రివ్యూ రాసేవాళ్లు అబద్ధం చెప్పట్లేదు, కాకపోతే వాళ్లు చెప్పేది వాళ్ల లివర్ సంగతి, మీది కాదు. ఇటలీలో 2019లో ఇలాంటి హెపటైటిస్ కేసులు వరసగా బయటపడ్డాయి, ఆస్ట్రేలియాలో మందుల నియంత్రణ సంస్థ 2023లో హెచ్చరిక జారీ చేసింది. నా సీసా మీద ఆ ఊసే లేదు.

సరే, సీసా సంగతి. ముందువైపు బొటనవేలంత అక్షరాల్లో 1500 మి.గ్రా. అని ఉంది. వెనక చీమతలకాయల్లాంటి అక్షరాలు, ఫోన్‌లో ఫొటో తీసి పెద్దది చేసుకుంటే గానీ చదవలేకపోయాను. 1500 అనేది ఒక క్యాప్సూల్‌కి కాదు, మూడింటికి. ఆ 1500లో 1350 మామూలు పసుపు పొడి, 95 శాతం కర్కుమిన్ (పసుపులో అసలు పనిచేసేది ఇదేనంటారు) ఉన్న ఎక్స్‌ట్రాక్ట్, అంటే చిక్కటి సారం, 150 మాత్రమే. మామూలు పసుపులో కర్కుమిన్ సుమారు 3 శాతం ఉంటుంది కాబట్టి పొడి నుంచి ఓ 40, ఎక్స్‌ట్రాక్ట్ నుంచి 142, అన్నీ కలిపినా 180 మి.గ్రా. చిల్లర. దీన్ని గుర్తుంచుకోండి.

ఒంట్లో బాగయ్యాక కస్టమర్ కేర్‌కి రాశాను, మీరు చెప్పే పరిశోధనలేవో పంపండి అని. "తప్పకుండా మేడమ్" అని ఒక పొడవాటి పీడీఎఫ్ పంపారు, మెచ్చుకోవాలి, పంపారు. రెండు రాత్రులు దాంతోనే గడిపాను. సగానికి పైగా గాజు గిన్నెలో పెంచిన కణాల మీద చేసినవి, మిగిలినవాటిలో ఎక్కువ ఎలుకల మీద. మనుషుల మీద చేసినవి ఒక చేతివేళ్లకి సరిపోతాయి.

గాజు గిన్నె ఫలితాల్ని కర్కుమిన్ విషయంలో ఇంకాస్త ఎక్కువగా అనుమానించాలని నాకు అప్పుడే తెలిసింది. ఇది ఎన్నో రకాల ప్రొటీన్లకి అంటుకుంటుంది, పైగా దానంతట అదే మెరుస్తుంది. చాలా పరీక్షల్లో వెలుగు మారితే మందు పనిచేసినట్టు లెక్క, మందే మెరిసేదైతే ఇక చూడక్కర్లేదు, అన్ని జబ్బులకీ పనిచేసినట్టే కనిపిస్తుంది. పోనీ అది కుదురుగా ఉంటుందా అంటే, శరీరపు వేడిలో, రక్తానికి దగ్గరగా ఉండే పీహెచ్‌లో (ఆమ్ల, క్షార స్థాయిలో) ఉంచితే అరగంటలో 90 శాతం విరిగిపోతుంది. 2017లో జర్నల్ ఆఫ్ మెడిసినల్ కెమిస్ట్రీలో కొందరు రసాయన శాస్త్రవేత్తలు ఇవన్నీ కూర్చుని లెక్కతీశారు. అప్పటికే 120కి పైగా క్లినికల్ ట్రయల్స్ జరిగాయి, డబుల్ బ్లైండ్, అంటే ఎవరికి ఏది ఇచ్చారో రోగికీ డాక్టర్‌కీ తెలియకుండా, ప్లసీబోతో, అంటే మందు లేని ఉత్తుత్తి మాత్రతో పోల్చిన వాటిలో గట్టిగా నెగ్గింది ఒక్కటీ లేదన్నారు. క్యాన్సర్ మీద కర్కుమిన్ గురించి పుంఖానుపుంఖాలుగా రాసిన భరత్ అగర్వాల్ అనే హ్యూస్టన్ శాస్త్రవేత్త పేపర్లు డజనుకు పైగా జర్నల్స్ వెనక్కి తీసుకున్నాయి, 2016లో ఒకే జర్నల్ ఒకేసారి ఏడు తీసేసింది. "వేల పరిశోధనలు" అన్న అంకె మాత్రం ఎక్కడా తగ్గదు.

ఆ 2000 శాతం ముచ్చట కూడా వెతికాను. అది అబద్ధం కాదు, అదే చిరాకు. 1998లో బెంగళూరు సెయింట్ జాన్స్ మెడికల్ కాలేజీవాళ్లు కొద్దిమంది ఆరోగ్యవంతులకి 2 గ్రాముల కర్కుమిన్‌తో పాటు 20 మి.గ్రా. పైపరిన్, అంటే మిరియాల్లో ఉండే ఘాటు పదార్థం ఇచ్చి చూశారు. కర్కుమిన్ ఒక్కటే ఇస్తే రక్తంలో దాదాపు కనపడనే లేదు, పైపరిన్‌తో ఇస్తే 2000 శాతం పెరిగింది. దాదాపు సున్నాకి ఎన్ని రెట్లు వేస్తే ఎంతవుతుందో మీరే చూసుకోండి. వాళ్లు కొలిచింది రక్తంలో మోతాదు, నొప్పి కాదు, జబ్బు కాదు. పైగా పైపరిన్ చేసే పని ఏమిటంటే, లివరూ పేగులూ పరాయి పదార్థాన్ని బయటికి నెట్టే పనిని నెమ్మది చేయడం. మీరు వేసుకునే ఇతర మందుల్ని కూడా అది అలాగే పట్టి ఉంచొచ్చు.

పేటెంట్ అన్నది చూసి మురిసిపోవద్దు. పసుపుతో గాయాలు మాన్పడానికి 1995లో అమెరికా ఒక పేటెంట్ ఇచ్చింది, మన ప్రభుత్వ పరిశోధనా సంస్థ సీఎస్ఐఆర్ కొట్లాడి 1997లో రద్దు చేయించింది. రద్దయింది పనిచేయదని కాదు, అది కొత్త సంగతి కాదని. పేటెంట్ ఆఫీసు చూసేది కొత్తదా పాతదా అని, మీ మోకాలు తగ్గిందా అని కాదు.

మోకాలి విషయంలో మాత్రం చేతులు దులిపేసుకునేలా లేదు, న్యాయంగా చెప్పాలి. థాయ్‌లాండ్‌లో 367 మంది మోకాలి అరుగుదల రోగుల మీద చేసిన ట్రయల్ 2014లో వచ్చింది, నాలుగు వారాల్లో ఐబుప్రొఫెన్‌కి తీసిపోలేదని తేలింది, ప్లసీబో గుంపు మాత్రం లేదు. 2020లో టాస్మేనియాలో 70 మంది మీద 12 వారాలు, ఈసారి ప్లసీబోతో పోల్చారు, నొప్పి కొంచెం తగ్గింది, స్కాన్‌లో మాత్రం కీలులో వాపు, నీరు ఏమీ మారలేదు. అంటే కొద్దిగా ఉపశమనం ఉండొచ్చు. అయితే థాయ్ ట్రయల్‌లో ఇచ్చింది రోజుకి 1500 మి.గ్రా. ఎక్స్‌ట్రాక్ట్. నా సీసాలో ఉన్నది 150. అవే అంకెలు ముందువైపు అచ్చేసి, లోపల పొడి నింపారు, నాకు ఒళ్లు మండింది ఇక్కడే. పీడీఎఫ్‌లో లేనిది ఒకటి చెప్తాను, 2018లో కెనడాలో పెద్ద రక్తనాళం ఆపరేషన్‌కి వెళ్లే 606 మంది మీద కర్కుమిన్ వాపు తగ్గిస్తుందా, కిడ్నీల్ని కాపాడుతుందా అని చూస్తే ఏ ఉపయోగమూ కనపడలేదు.

రక్తం గడ్డకట్టకుండా వేసుకునే వార్ఫరిన్ వాడేవాళ్లు ఇంట్లో ఉంటే వాళ్లకి ఈ సీసాలు గిఫ్ట్ ఇవ్వకండి. అన్నాళ్లూ నిలకడగా ఉన్న ఒక రోగికి పసుపు ప్రొడక్ట్ మొదలుపెట్టిన కొన్ని వారాల్లో ఐఎన్ఆర్ (రక్తం ఎంత ఆలస్యంగా గడ్డకడుతుందో చెప్పే అంకె) 10 దాటిందని న్యూజిలాండ్ మందుల సంస్థ 2018లో చెప్పింది. ఆ స్థాయిలో రక్తస్రావం ప్రమాదం చాలా ఎక్కువ. పిత్తాశయంలో రాళ్లున్నవాళ్లు కూడా అడక్కుండా మొదలుపెట్టొద్దు. మూత్రం రంగు మారినా, దురద, వికారం మొదలైనా ముందు ఆపండి, ఆ తర్వాత ఆలోచించుకోవచ్చు.

నేను డబ్బు వెనక్కి అడగలేదు, సైడ్ ఎఫెక్ట్స్ రిపోర్ట్ చేసే ఫారం మాత్రం నింపాను. అందులో బ్యాచ్ నంబర్ అడిగారు. మొదటి రెండు సీసాలు ఎప్పుడో పారేశాను, చేతిలో ఉన్నది మూడోది, సగం ఉంది. దాని నంబరే రాశాను. మీరు వాడుతుంటే ఖాళీ సీసాలు కూడా కొన్నాళ్లు ఉంచుకోండి.