జెనోవా రేవు, టొరీనో మ్యూజియం: పాత సినిమా వెంట ఇటలీ

మన ఇటలీ ప్యాకేజీ టూర్లలో జెనోవా పేరు పెద్దగా కనపడదు. నేను అక్కడ దిగింది లుయీజీ కొమెంచీని 1952లో తీసిన ‘లా త్రాత్తా దెల్లె బియాంకె’ అనే సినిమా వల్ల. డ్యాన్స్ మారథాన్ పేరుతో పేదింటి అమ్మాయిలను పోగుచేసి, బయటి దేశాలకు అమ్మేసే ముఠా కథ అది. అప్పటికి ఇరవై ఏళ్లు కూడా నిండని సోఫియా లోరెన్ అందులో సోఫియా లాజారో పేరుతో చిన్న వేషం వేసింది. రెండో ప్రపంచ యుద్ధం తర్వాత ఇటలీ, ఫ్రాన్స్, జర్మనీల్లో ఈ తరహా సినిమాలు చాలానే వచ్చాయి. నేను చూసినవాటిలో ఎక్కువ భాగం ‘జాగ్రత్తమ్మా’ అని నీతులు చెబుతూనే కెమెరాను ఆడవాళ్ల కాళ్ల మీద నిలబెట్టినవే.

బస పియాజ్జా ప్రిన్చిపె స్టేషన్ దగ్గర. నాలుగో అంతస్తు, లిఫ్ట్ లేదు. దుప్పట్లు శుభ్రం, వేడినీళ్లు పుష్కలం, కానీ కింద బారులో అర్ధరాత్రి దాటినా గోలే. పక్కనున్న వియా ప్రే సందులు పగలు భలే ఉంటాయి. చీకటి పడ్డాక ఒంటరిగా తిరగమని మాత్రం ఎవరికీ చెప్పను. అద్దె కాస్త ఎక్కువైనా కాస్తెల్లెత్తో పేట వైపు గది తీసుకోవడం మేలు.

నాకు బాగా నచ్చింది కొమెండా ది ప్రే. ఒకప్పుడు యాత్రికుల సత్రం, 2022 నుంచి ఇటాలియన్ల వలసల మ్యూజియం. ఈ రేవు నుంచే లక్షలమంది అర్జెంటీనా, బ్రెజిల్ ఓడలెక్కారు. అది చూశాక సినిమాలోని భయం ఎక్కడిదో అర్థమైంది. అమ్మాయిని మోసం చెయ్యడానికి పెద్ద విలన్ అక్కర్లేదు, ఉద్యోగం కాగితం, ఓడ టికెట్టు చాలు. కువైట్ ఏజెంట్ల సంగతి తెలిసిన కడప, గోదావరి జిల్లాలవాళ్లకు ఇది కొత్తేం కాదు. అసలు తమాషా ఏమిటంటే, ఆ సినిమా హాళ్లలో ఆడుతున్న రోజుల్లో ఇటలీలోనే ప్రభుత్వ లైసెన్సుతో వేశ్యాగృహాలు నడుస్తున్నాయి! సెనేటర్ లీనా మెర్లిన్ తెచ్చిన చట్టంతో 1958లో గానీ అవి మూతపడలేదు.

తిండికి ఇబ్బంది లేదు. ఫరినాతా అంటే శనగపిండి, ఆలివ్ నూనె కలిపి పెద్ద పళ్లెంలో కాల్చిన అట్టు. శాకాహారులు నిక్షేపంగా తినొచ్చు. కారం మాత్రం ఆశించకండి.

టొరీనోలో (మనం ట్యూరిన్ అనే ఊరు) సినిమా మ్యూజియం మోలె ఆంతొనెల్లియానా అనే 167 మీటర్ల కట్టడంలో ఉంది. నడిమి హాల్లో ఎర్రటి కుర్చీల్లో వెనక్కి వాలి, పైన తెర మీద సినిమా ముక్కలు చూస్తుంటే, గాజు లిఫ్టు మన మీదుగా గోపురంలోకి వెళ్తుంటుంది. దానికోసమైనా వెళ్లాలి. మంగళవారం సెలవు, లిఫ్టుకు క్యూ ఉంటుంది కాబట్టి టికెట్ ముందే ఆన్‌లైన్‌లో తీసుకోండి.

రెండు ఊళ్ల మధ్య రైల్లో దాదాపు రెండు గంటలు. ప్యాసింజర్ రైలుకు కాగితం టికెట్ కొంటే, ఎక్కేముందు ప్లాట్‌ఫాం మీది మెషీన్‌లో ముద్ర వేయించుకోవాలి. లేకపోతే జరిమానా.