అనంతపురంలో ఆర్‌ఓ సర్వీస్ చేయించుకునేవాళ్ళు జాగ్రత్త: మెంబ్రేన్ మార్చలేదు, స్క్రూ తిప్పి 3,800 పట్టుకుపోయినారు

పేరు రాయను. గూగుల్‌లో ఆర్‌ఓ సర్వీస్ అని కొడితే పైనే కనబడే నంబర్లలో ఒకటి. ఫోనెత్తగానే కంపెనీ పేరు చెప్తారు, కంపెనీకీ వాళ్ళకీ ఏ సంబంధమూ ఉండదు. సాయినగర్, కమలానగర్ వైపు చాలామంది ఇండ్లకి వచ్చేది వీళ్ళే కాబట్టి ఎవరో మీకే తెలుస్తుంది.

కంప్లైంట్ మామూలుదే. ట్యాంకు నిండడానికి సగం రోజు పడుతోంది. వచ్చినాయన మూత తీసి చూసి "మెంబ్రేన్ ఫుల్‌గా పోయింది సార్, కిట్ మొత్తం మార్చల్ల" అన్నాడు. మెంబ్రేన్ (నీళ్ళలో కరిగిన ఉప్పుల్ని ఆపే పొర), సెడిమెంట్, కార్బన్, బయట బౌల్‌లో స్పన్ ఫిల్టర్లు, అన్నీ కలిపి 3,800. పని అయిపోయింది, ట్యాంకు గబగబా నిండింది, ఆయన సొంత క్యూఆర్‌కి ఫోన్‌పే కూడా అయిపోయింది. బిల్లు అడిగితే "బిల్లంటే జీఎస్టీ పడుతుంది సార్, మీకెందుకు నష్టం" అన్నాడు. మన నష్టం గురించి ఎంత బెంగో!

సాయంత్రం టీడీఎస్ మీటర్ (నీళ్ళలో కరిగిన ఉప్పులు లీటరుకి ఎన్ని మిల్లీగ్రాములో చూపించేది) పెడితే బోరు నీళ్ళు 1140, ఫిల్టర్ కుళాయి నీళ్ళు 620.

ఈ లెక్క తెలియనివాళ్ళకి చెప్తాను. ఇంటి ఆర్‌ఓలో ఉండేది 75 లేదా 80 జీపీడీ (రోజుకి అన్ని గ్యాలన్ల నీళ్ళు ఇచ్చే) మెంబ్రేన్. కొత్తది కరిగిన ఉప్పుల్లో నూటికి తొంభై, తొంభై అయిదు వంతులు ఆపేస్తుంది. అంటే 1140 పోయే చోట 60 నుంచి 110 లోపు రావల్ల. పాతబడి 200 దాటినా ఏదోలే అనుకోవచ్చు. 620 అంటే మెంబ్రేన్ చిరిగిపోయి అయినా ఉండాలి, లేకుంటే పచ్చి బోరు నీళ్ళు ఎక్కడో వచ్చి కలుస్తూ అయినా ఉండాలి.

కలుస్తానే ఉన్నాయి. చాలా మెషీన్లలో మెంబ్రేన్ పక్కన చిన్న తెల్ల ప్లాస్టిక్ వాల్వ్ ఒకటుంటుంది, నెత్తిన స్క్రూ ఉంటుంది. దాన్నే టీడీఎస్ కంట్రోలర్ అంటారు. మెంబ్రేన్‌కి పోవాల్సిన నీళ్ళలో కొన్నిటిని పక్కదారిలో తెచ్చి శుద్ధి అయిన నీళ్ళలో కలపడమే దాని పని. రుచి కోసం పెట్టింది. మా మెషీన్‌లో ఆ స్క్రూ మొత్తానికి మొత్తం తెరిచిపెట్టినాడు. పూర్తిగా బిగించి, ట్యాంకులో ఉన్న నీళ్ళు వొంపేసి మళ్ళీ పడితే 90. కానీ ధార చూడండి, దారపు పోగంత. 80 జీపీడీ అంటే కాగితం మీద గంటకి పన్నెండు లీటర్ల పైన. ఇంట్లో ప్రెషర్‌కి లీటరు బాటిల్ ఆరేడు నిమిషాల్లో నిండినా బాగున్నట్టే. ఇక్కడ పావుగంటకీ నిండలేదు.

మెంబ్రేన్ ఉండే గొట్టం (హౌసింగ్) మూత విప్పితే తెలిసిపోయింది. మెంబ్రేన్ లేబుల్ మీద పోయినసారి మార్కర్‌తో రాసిపెట్టిన తేదీ అట్లే ఉంది. కొసన తెల్ల సున్నం పొర కూడా అట్లే ఉంది. మార్చలేదు! మూత విప్పి, మళ్ళీ బిగించి, పైన తడిగుడ్డతో తుడిచినాడంతే. ఆ గుడ్డకే 3,800.

ఇందులో తెలివి ఎక్కడుందంటే, మన కంప్లైంట్ "నీళ్ళు నిదానంగా వస్తున్నాయి" అనే కదా. సున్నం పట్టిన మెంబ్రేన్ నుంచి గంటకి నాలుగు లీటర్లు వస్తుంటే, కంట్రోలర్ తెరిచి ఇంకో నాలుగు లీటర్ల బోరు నీళ్ళు కలిపితే ట్యాంకు రెండింతల వేగంతో నిండుతుంది. మనకి కొత్త మెంబ్రేన్ వేసినట్టే కనబడుతుంది. 90కి 1140 సగం సగం కలిపితే వచ్చేది సుమారుగా ఆ 620యే. అందాజాగా తిప్పింది కాదు, చెయ్యి తిరిగిన పని.

ఫోన్ చేస్తే మొదట "అది మినరల్స్ సార్, కావాలనే పెట్టినాం. టీడీఎస్ తక్కువైతే మోకాళ్ళు పట్టేస్తాయి" అన్నాడు. సరే, మరి మెంబ్రేన్ మీద పాత తేదీ ఎందుకుందని అడిగితే క్షణం గమ్మునుండి, ఆ తర్వాత గొంతు మార్చినాడు. "మూడొందల మీటరు కొనుక్కోని ప్రతోడూ సైంటిస్టే అయిపోతాండాడు. నాకు రోజుకి ఇరవై ఇండ్లు, మీ ఒక్కరితోనే మాట్లాడుకుంటూ కూచోవాల్నా? నచ్చితే తాగండి, లేకుంటే క్యాన్లు తెప్పించుకోండి." పెట్టేసినాడు. తర్వాత నంబరు బ్లాకు. పొద్దున "సార్ సార్" అని చెప్పులు బయట విప్పి వచ్చిన మనిషే ఇతను.

డబ్బులు పోతే పోనీ. ఆ మోకాళ్ళ మాట మాత్రం మింగుడు పడటం లేదు. ఏ ఊర్లో కూచోని చెప్తున్నాడు ఆ మాట? అనంతపురం జిల్లాలో చాలా బోర్లలో ఫ్లోరైడ్ ఉందని చిన్నపిల్లలకి కూడా తెలుసు. పండ్ల మీద గారలు, వంగని వెన్ను, పట్టేసిన కీళ్ళు మన పల్లెల్లో చూసినవాళ్ళే అందరూ. తాగే నీళ్ళకి మన దేశం పెట్టిన ప్రమాణం ఐఎస్ 10500 ప్రకారం ఫ్లోరైడ్ లీటరుకి 1 మిల్లీగ్రాము లోపుండాలి. వేరే నీళ్ళు దొరకని చోట 1.5 దాకా ఒప్పుకుంటారు. బోర్లో 2.5 ఉందనుకోండి. మెంబ్రేన్ సరిగ్గా ఉంటే దాంట్లో ఎక్కువ భాగం ఆపేస్తుంది. సగం పచ్చి నీళ్ళు కలిపినారంటే మళ్ళీ 1.3, 1.4కి పోతుంది. పక్కదారిలో వచ్చే నీళ్ళు కార్బన్‌లోంచి వస్తాయి, కొన్నిట్లో యూఎఫ్ (సన్న రంధ్రాల వడపోత) కూడా దాటతాయి. కానీ కార్బన్ గానీ యూఎఫ్ గానీ యూవీ ల్యాంపు గానీ ఫ్లోరైడ్‌ని ఆపవు. కీళ్ళు పట్టేయకుండా అని చెప్పి, కీళ్ళు పట్టేసే నీళ్ళే కలిపి పోయినాడు. అన్నట్టు ఆ ఐఎస్ 10500లో టీడీఎస్‌కి పై హద్దే ఉంది, 500. గతి లేకుంటే 2000. ఇంతకంటే తక్కువ ఉండకూడదు అనే హద్దే లేదు. కాల్షియం కావాలంటే రాగి సంగటి తింటాం, నీ స్క్రూలో నుంచి రానక్కర్లేదు.

ఇంకో రకం కూడా తిరుగుతున్నారు, పనిలో పనిగా చెప్పేస్తా. రెండు గ్లాసుల్లో కడ్డీలు ముంచి కరెంటు పెడతారు. మీ నీళ్ళు తుప్పు రంగుకి తిరుగుతాయి, వాళ్ళ ఆర్‌ఓ నీళ్ళు తెల్లగా ఉంటాయి. "చూడండక్కా, ఇదంతా మీ కడుపులోకి పోతాంది" అంటారు. ఆ రంగు నీళ్ళది కాదు, ఇనుప కడ్డీ కరిగి వచ్చిన తుప్పు. నీళ్ళలో ఉప్పులుంటే కరెంటు పారుతుంది, కడ్డీ కరుగుతుంది. ఆర్‌ఓ నీళ్ళలో ఉప్పుల్లేవు కాబట్టి పెద్దగా పారదు. వాళ్ళ తెల్ల గ్లాసులో చిటికెడు వంటుప్పు వేసి మళ్ళీ పెట్టమనండి, అది కూడా తిరుగుతుంది. ఉప్పు డబ్బా తేగానే సంచి సర్దుకుంటారు. మున్సిపాలిటీ నీళ్ళు మాత్రమే వాడేవాళ్ళు కొనేముందు ఒకసారి మీటర్ పెట్టుకోండి. 500 లోపుంటే, ఉప్పుల కోసమైతే ఆర్‌ఓ అవసరమే లేదు.

సర్వీసుకి ఎవరిని పిలిచినా సరే, పని మొదలు కాకముందే మీటర్ పెట్టి బోరుదీ కుళాయిదీ రీడింగ్ ఫోన్‌లో ఫొటో తీసుకోండి. కొత్త మెంబ్రేన్ సీల్ మీ ముందే చింపాలి. లేబుల్ మీద జీపీడీ, సీరియల్ నంబరు ఫొటో తీసి, తేదీ మీరే మార్కర్‌తో రాయండి. సీలున్నా కొసన తెల్ల పొడి కనబడితే అది యాసిడ్‌లో కడిగి మళ్ళీ ప్యాక్ చేసిన పాత సరుకు కావచ్చు, వేయించుకోవద్దు. పని అయ్యాక మొదటి ట్యాంకు నీళ్ళు పారబోసి, రెండో ట్యాంకులో కొలవండి. నీళ్ళు వేగంగా వస్తున్నాయని సంబరపడి డబ్బులు ఇచ్చేయకండి, వేగమూ టీడీఎస్సూ రెండూ చూడండి. పాత మెంబ్రేన్ మీ ఇంట్లోనే వదిలి పొమ్మనండి. "ఎక్స్ఛేంజ్" అంటే ఒప్పుకోవద్దు, అది ఇంకొకరింట్లో కొత్తదయి తేలుతుంది. ఫ్లోరైడ్ మాత్రం ఈ మీటర్ చూపించదు. దానికి బాటిల్‌లో నీళ్ళు పట్టుకుని ఆర్‌డబ్ల్యూఎస్ (గ్రామీణ నీటి సరఫరా శాఖ) ల్యాబ్‌లో పరీక్ష చేయించుకోవాల్సిందే.

బిల్లు లేకపోయినా ఫోన్‌పే రసీదు, వాట్సాప్ మెసేజీలు, ఫొటోలు ఉంటే జాతీయ వినియోగదారుల హెల్ప్‌లైన్ 1915కి ఫోన్ చేసి ఫిర్యాదు పెట్టొచ్చు. అక్కడ తేలకపోతే జిల్లా వినియోగదారుల కమిషన్. అయిదు లక్షల లోపు కేసుకి ఫీజు లేదు, రెండేళ్ళ లోపు వేయాలి. నేను 1915కి చేసేసినా.

వాళ్ళ చేత ఈ మధ్య మెంబ్రేన్ "మార్పించుకున్నవాళ్ళు" ఎవరైనా ఉంటే ఇప్పుడే ఆ తెల్ల వాల్వ్ స్క్రూ పూర్తిగా బిగించి, ట్యాంకు ఖాళీ చేసి, ధార చూడండి. ఎంతకి దిగిందో కింద రాయండి, అందరివీ కలిపి పెడదాం ఫిర్యాదు.